వేడి లెక్కలు – 6వ భాగం: పట్టికలో గుప్తోష్ణం లేకపోతే?

పోయిన భాగంలో బాష్పీభవన గుప్తోష్ణాన్ని (మరిగే ద్రవం ఆవిరిగా మారడానికి పట్టే వేడిని) పట్టికలో చూసి తీసుకున్నాం. ఆ గడి ఖాళీగా ఉంటే? టెన్షన్ పడక్కర్లేదు. మరిగే ఉష్ణోగ్రత తెలిస్తే చాలు, చాలా ద్రవాలకు అంచనా కట్టేయొచ్చు. దీన్ని ట్రౌటన్ సూత్రం అంటారు. ఫ్రెడరిక్ ట్రౌటన్ 1884లో చెప్పినది.

మరిగే ఉష్ణోగ్రతకు 273 కలిపి కెల్విన్‌లోకి మార్చండి. దాన్ని 87తో గుణించండి. ఒక మోల్ ద్రవం ఆవిరి కావడానికి ఎన్ని జౌళ్లు కావాలో వస్తుంది.

బెంజీన్ 80 డిగ్రీల దగ్గర మరుగుతుంది, అంటే 353 కెల్విన్. 353 × 87 = 30,711. పట్టికలో ఉన్నది 30.7 కిలోజౌళ్లు! ఇంత అచ్చంగా కుదరడం కొంత అదృష్టమే. హెక్సేన్ మరిగేది 342 కెల్విన్ దగ్గర, లెక్కకు 29.8 వస్తుంది, అసలు విలువ 28.9. మూడు శాతం తేడా, అంచనాకు ఇది చాలు. గ్రాముకు ఎంతో కావాలంటే మోలార్ ద్రవ్యరాశితో (ఒక మోల్ ఎన్ని గ్రాములో దానితో) భాగించండి. బెంజీన్‌కు 78తో భాగిస్తే సుమారు 394 జౌళ్లు.

87 ఎక్కణ్ణుంచి వచ్చింది? ద్రవంలో కిక్కిరిసి ఉన్న అణువులు ఆవిరయ్యేటప్పుడు వందల రెట్లు ఎక్కువ చోటులోకి చెదిరిపోతాయి. ఆ చెదురుదనానికి కొలతే ఎంట్రపీ; ఇక్కడ పట్టిన వేడిని కెల్విన్ ఉష్ణోగ్రతతో భాగిస్తే వచ్చేది. అప్పుడు పెరిగే ఎంట్రపీ చాలా ద్రవాలకు దాదాపు ఒకటే, కెల్విన్‌కు, మోల్‌కు 85 నుంచి 88 జౌళ్లు.

ఇక అసలు సరదా సూత్రం తప్పే చోటే. నీళ్లకు లెక్క కడితే 32.5 కిలోజౌళ్లు, అసలు 40.7. ఇథనాల్‌కు 30.6 వస్తే, అసలు 38.6. రెండింటిలోనూ హైడ్రోజన్ బంధాలు (ఒక అణువులోని హైడ్రోజన్‌కూ పక్క అణువులోని ఆక్సిజన్‌కూ మధ్య ఆకర్షణ) ద్రవంలోని అణువులను ఒక పద్ధతిలో కట్టి ఉంచుతాయి. ఆ కట్టు తెంచడానికి అదనపు వేడి కావాలి.

అయితే హైడ్రోజన్ బంధం ఉంటే అసలు విలువ ఎప్పుడూ ఎక్కువే అనుకోకండి. వెనిగర్‌లో ఉండే ఎసిటిక్ ఆమ్లం 118 డిగ్రీల దగ్గర మరుగుతుంది. లెక్క 34 అంటుంది, పట్టిక 23.7 అంటుంది! దీని అణువులు రెండేసి జతకట్టి, చాలావరకు ఆ జంటలుగానే ఆవిరవుతాయి. బంధాలన్నీ తెగనే లేదు, అందుకే వేడి తక్కువ పట్టింది. కాబట్టి ద్రవాన్ని చూసి ఊరుకోకుండా, ఆవిరిలో ఏం జరుగుతోందో కూడా అడగాలి.

అభ్యాసం: టోలీన్ (111 డిగ్రీలు), మిథనాల్ (65), కార్బన్ టెట్రాక్లోరైడ్ (77). లెక్క మొదలుపెట్టే ముందే ఏది సూత్రానికి లొంగదో, ఎందుకో రాసిపెట్టుకోండి. అసలు విలువలు వరసగా 33.2, 35.2, 29.8 కిలోజౌళ్లు.