ఇంటి లోన్ ఈఎంఐ కట్టలేని పరిస్థితి వస్తే: బెంగళూరులో ఉన్నవాళ్లు ఏ గడువులో ఏం చేయాలి

ఉద్యోగం పోగానే చాలామంది వెతికేది ప్రభుత్వ పథకం ఏదైనా ఉందా అని. మన కిస్తీ ప్రభుత్వం కట్టే పథకం లేదు. కరోనా మారటోరియం (కిస్తీల వాయిదా) 2020 మార్చి 1 నుంచి ఆగస్టు 31 వరకే. పీఎంఏవై (ప్రధానమంత్రి ఆవాస్ యోజన) 2.0 వడ్డీ రాయితీ ఉంది గానీ ఏడాది ఆదాయం 9 లక్షల లోపు, ఇంటి విలువ 35 లక్షల లోపు, లోన్ 25 లక్షల లోపు ఉండాలి. సర్జాపూర్ రోడ్డులోనో వైట్‌ఫీల్డ్‌లోనో ఫ్లాట్ కొన్నవాళ్లలో ఎక్కువమంది ఆ లెక్కలోకి రారు. రాయితీ ఇప్పిస్తామంటూ ముందే ఫీజు అడిగేవాళ్ల ఫోన్ పెట్టేయండి.

మనకు పనికొచ్చేవి ఆర్‌బీఐ నిబంధనలు, బాకీ పడ్డ ఇంటిని బ్యాంకు స్వాధీనం చేసుకుని వేలం వేసే పద్ధతి చెప్పే సర్ఫేసీ చట్టంలోని గడువులు. వీటిలో అన్నిటికంటే విలువైనవి మొదటి 90 రోజులు.

కిస్తీ తేదీ దాటిన రోజే ఖాతా ఎస్‌ఎంఏ-0 (బాకీ పడే సూచన ఉన్న ఖాతాల్లో మొదటి మెట్టు) అవుతుంది. 30 రోజులు దాటితే ఎస్‌ఎంఏ-1, 60 దాటితే ఎస్‌ఎంఏ-2, 90 దాటితే ఎన్‌పీఏ, అంటే మొండి బాకీ. ఒక్కసారి ఎన్‌పీఏ అయ్యాక ఒకట్రెండు కిస్తీలు కట్టి బయటపడటం కుదరదు, ఆగిన బకాయి మొత్తం కట్టాల్సిందే. ‘మూడు నెలల దాకా ఏమీ చేయరులే’ అని స్నేహితులు చెప్పే ధైర్యాన్ని నమ్ముకుంటే మాట్లాడుకునే వీలున్న కాలమంతా అలాగే పోతుంది.

కిస్తీ తేదీకి ముందే బ్రాంచికి వెళ్లండి. డబ్బు కట్ కాకుండా అకౌంటే మూసేద్దామనే ఆలోచన వద్దు. నాచ్ (అకౌంటు నుంచి కిస్తీ దానంతటదే కట్ అయ్యే ఏర్పాటు) బౌన్స్ అయితే చెక్ బౌన్స్ లాగే కేసు పెట్టే వీలుంది, రెండు వైపులా ఛార్జీలూ పడతాయి. నోటిమాటగా చెప్పి వచ్చేయకండి. లెటర్ ఇచ్చి, రెండో కాపీ మీద తేదీతో సీలు వేయించుకోండి, అదే ఈమెయిల్ కూడా పంపండి. కష్టాల కథంతా రాయక్కర్లేదు. విషయం ఇంతే:

‘లోన్ నంబరు ఫలానా. ఫలానా తేదీన కంపెనీ నన్ను తొలగించింది, లెటర్ జతచేశాను. ప్రస్తుతం నెలకు ఇంత మాత్రమే కట్టగలను. ఆరు నెలలు కిస్తీ తగ్గించి, తేడాను మిగతా కాలానికి సర్దగలరు. మీ నిర్ణయం రాతపూర్వకంగా తెలపండి.’

ఏం అడగాలన్నది మీ పరిస్థితిని బట్టి ఉంటుంది. జీతం తగ్గిందా, పూర్తిగా ఆగిందా? 50 లక్షల లోన్, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్లు అనుకుందాం. ఈఎంఐ దాదాపు 43,390. కాలాన్ని 30 ఏళ్లకు పెంచితే 38,450 దగ్గరికి వస్తుంది. నెలకు తగ్గేది ఐదు వేలు కూడా కాదు, మొత్తం వడ్డీ మాత్రం 54 లక్షల నుంచి 88 లక్షలకు పోతుంది. నెల వడ్డీయే 35,417 కాబట్టి కాలం ఎంత పెంచినా కిస్తీ అంతకంటే కిందికి దిగదు. అందుకే జీతం ఆగినవాళ్లు కాలం పెంచమని కాక, కొన్ని నెలల వాయిదా అడగాలి. అది బ్యాంకు ఇష్టం, హక్కు కాదు. వాయిదా కాలంలో వడ్డీ అసలుకు చేరుతుంది, సిబిల్‌లో ‘రీస్ట్రక్చర్డ్’ అని పడి కొన్నాళ్లు కొత్త అప్పు పుట్టడం కష్టమవుతుంది. ఇల్లు వేలానికి వెళ్లడం కంటే అదే నయం.

అంతకంటే ముందు మీ వడ్డీ రేటు చూసుకోండి. 2025లో రెపో రేటు (బ్యాంకులకు ఆర్‌బీఐ అప్పిచ్చే వడ్డీ) 6.5 నుంచి 5.25కి దిగింది. రేటు తగ్గినప్పుడు బ్యాంకులు సాధారణంగా ఈఎంఐ అలాగే ఉంచి కాలం తగ్గిస్తాయి. ఈఎంఐ తగ్గించమని మీరే అడగాలి. మీ లోన్ ఇంకా పాత ఎంసీఎల్‌ఆర్ (బ్యాంకు సొంత ఖర్చును బట్టి వేసే రేటు) పద్ధతిలో ఉంటే చిన్న ఫీజు కట్టి రెపో రేటుకు ముడిపడిన లోన్‌కు మారండి. వేరే బ్యాంకుకు మార్చుకుంటే ఫ్లోటింగ్ లోన్ మీద ముందస్తు ముగింపు ఛార్జీ లేదు, కానీ జీతం ఆగాక ఏ బ్యాంకూ తీసుకోదు. బి-ఖాతా ఫ్లాట్ (పూర్తి అనుమతులు లేని ఆస్తుల రికార్డులో ఉన్నది) అయితే జీతం ఉన్నా కష్టమే.

లోన్‌తో పాటు అంటగట్టిన ఇన్సూరెన్స్ పాలసీ తీసి చదవండి. ఉద్యోగం పోతే కొన్ని ఈఎంఐలు కట్టే క్లాజు కొన్నిటిలో ఉంటుంది, రాజీనామాకు మాత్రం వర్తించదు. ‘మీరే రిజైన్ చేయండి, రికార్డు బాగుంటుంది’ అని హెచ్‌ఆర్ అన్నప్పుడు సంతకం పెట్టేముందు ఈ క్లాజు చూడాలి. పీఎఫ్ నుంచి కూడా ఇంటి అప్పు కట్టడానికి తీసుకోవచ్చు.

ఎన్‌పీఏ అయితే సర్ఫేసీ చట్టం సెక్షన్ 13(2) కింద నోటీసు వస్తుంది. అందులో అడిగేది ఆగిన కిస్తీలు కాదు, మొత్తం అప్పు. 60 రోజుల గడువు ఉంటుంది. లెక్కలో తప్పుంటే ఆలోపే రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పండి, బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. కో-అప్లికెంట్‌గా ఉన్న నాన్నగారికి నెల్లూరులోనో అనంతపురంలోనో అదే నోటీసు అందుతుంది. ముందే చెప్పి ఉంచండి, లేకపోతే అక్కడ గాభరా. గడువు దాటాక ఇంటిని స్వాధీనం చేసుకునే ప్రకటన రెండు పత్రికల్లో వేస్తారు, ఒకటి స్థానిక భాషలో. బెంగళూరులో అది కన్నడం. చదవడం రాని మనవాళ్లు గేటుకు అంటించిన కాగితాన్ని ఏదో కరపత్రమనుకుని వదిలేస్తే 45 రోజుల అప్పీలు గడువు కాస్తా కరిగిపోతుంది. అప్పీలు డీఆర్‌టీలో (అప్పుల వసూలు ట్రిబ్యునల్). దాని మీద పైఅప్పీలు చెన్నైలోని డీఆర్‌ఏటీకి (అప్పీలు ట్రిబ్యునల్), సాధారణంగా అప్పులో సగం డిపాజిట్ కడితేనే. లాయరు ఖర్చు భరించలేని మహిళలు, ఎస్సీ, ఎస్టీలు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం అడగొచ్చు. నంబరు 15100.

రికవరీ ఏజెంట్లు ఉదయం 8కి ముందు, రాత్రి 7 తర్వాత ఫోన్ చేయకూడదు. మీరితే కాల్ లాగ్ స్క్రీన్‌షాట్లతో బ్యాంకుకు ఫిర్యాదు ఇవ్వండి. 30 రోజుల్లో తేలకపోతే ఆర్‌బీఐ అంబుడ్స్‌మన్‌కు (ఫిర్యాదులు పరిష్కరించే అధికారి) ఆర్‌బీఐ వారి సీఎంఎస్ ఫిర్యాదుల పోర్టల్‌లో ఉచితంగా పెట్టొచ్చు. లోన్ హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీదైతే ఫిర్యాదు నేషనల్ హౌసింగ్ బ్యాంకుకు.

ఆదాయం తిరిగొచ్చే దారి కనబడకపోతే వేలందాకా ఆగకుండా మీరే అమ్ముకోండి, వేలంలో ధర సాధారణంగా తక్కువే పలుకుతుంది. 13(2) నోటీసు వచ్చాక అమ్మాలంటే బ్యాంకు రాతపూర్వక అనుమతి తప్పనిసరి. వేలం ప్రకటన వెలువడ్డాక అప్పు మొత్తం కట్టి విడిపించుకునే హక్కూ ఉండదు. ఫోర్‌క్లోజర్ లెటర్ (లోన్ ముగించడానికి ఎంత కట్టాలో బ్యాంకు ఇచ్చేది), బ్యాంకు దగ్గరున్న దస్తావేజుల జాబితా, ఈ-ఖాతా (ఆస్తి ఆన్‌లైన్ రికార్డు) సిద్ధంగా ఉంచుకుంటే కొనేవాళ్ల బ్యాంకు నేరుగా మీ లోన్ తీర్చేస్తుంది. తీర్చిన 30 రోజుల్లో దస్తావేజులు ఇవ్వాలి. జాప్యం బ్యాంకుదైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున మీకు చెల్లించాలి.