పాత టేకు కుర్చీకి చాక్ పెయింట్: సమస్యలు, కారణాలు, పరిష్కారాలు

అనంతపురం వంటి పొడి ప్రాంతంలో పాత కుర్చీకి చాక్ పెయింట్ వేసేవారికి ఎదురయ్యే చిక్కుల్లో చాలావాటికి కారణం డబ్బాలోని రంగులో ఉండదు. చెక్క మీద మిగిలిన పాత పాలిష్‌లోనో, గాలిలోని వేడిలోనో ఉంటుంది. బ్రిటన్‌లో రంగుల నిపుణురాలు ఆనీ స్లోన్ 1990లో రూపొందించిన ఈ రంగు నీటితో పలుచనయ్యేది, మెరుపు లేనిది, త్వరగా ఆరేది. త్వరగా ఆరడం చల్లని దేశంలో సుగుణమే కానీ, ఏప్రిల్, మే నెలల్లో ఎండ 40 డిగ్రీలు దాటే మన ఊళ్లలో అదే ఇబ్బంది పెడుతుంది. కాబట్టి డబ్బా మీది సూచనలను ఇక్కడి ఎండకు తగినట్టు సవరించుకోవాలి.

లేత రంగు మీద పసుపు, గోధుమ మరకలు తేలుతున్నాయి

అందరినీ ఎక్కువగా నిరాశపరిచే సమస్య ఇదే. మొదటి పూత శుభ్రంగా కనిపిస్తుంది, ఆరిన తర్వాత అక్కడక్కడా టీ ఒలికినట్టు మరకలు పైకి వస్తాయి. టేకు, జిట్రేగి వంటి చెక్కల్లో సహజంగా ఉండే రంగు పదార్థాలను, పాత పాలిష్‌లో కలిపిన రంగును ఈ పెయింటులోని నీరు కరిగించి పైకి లాగడమే కారణం. మరక దాగుతుందని మూడో పూత, నాలుగో పూత వేస్తూ పోవడం వల్ల ప్రయోజనం లేదు. ప్రతి పూతలోని నీరూ మరికొంత రంగును వెంట తెస్తుంది. పూతను పూర్తిగా ఆరనిచ్చి, స్పిరిట్‌లో కరిగించిన లక్క పాలిష్‌ను పలుచగా రెండుసార్లు వేసి, ఒక్కొక్కటీ బాగా ఆరిన తర్వాతనే మళ్లీ రంగు వేయాలి. లక్క పొర నీటికి కరగదు కనుక మరక కిందనే ఆగిపోతుంది. అసలు పని మొదలుపెట్టే ముందే కూర్చునే పలక అడుగున అరచేతి వెడల్పున రంగు వేసి ఒక రాత్రి వదిలేస్తే, ఆ కుర్చీకి లక్క అవసరమో కాదో తెల్లవారేసరికి తేలిపోతుంది.

గోరు తగిలితే రంగు పెచ్చులుగా ఊడుతోంది

చేతులు ఆనే చోట, పడక కుర్చీలో తల ఆనే చోట ఇలా జరిగితే కారణం దాదాపు ఎప్పుడూ జిడ్డే. ఏళ్ల తరబడి చెమట, తలనూనె ఇంకిన చెక్క మీద, లేదా మైనపు పాలిష్ పొర మీద నీటి రంగు పట్టు నిలుపుకోలేదు. ఉప్పు కాగితం పట్టకుండానే ఈ పెయింటు వేయవచ్చని చెప్పే మాట శుభ్రమైన చెక్క విషయంలోనే నిజమని నా గట్టి అభిప్రాయం. ఊడుతున్న రంగును గీకి, టర్పెంటైన్‌లో ముంచిన గుడ్డతో జిడ్డు తీసి, సబ్బు నీళ్లతో కడిగి, చివరగా తాగే నీటితో తుడవాలి; బోరు నీరు ఆరితే తెల్లటి ఉప్పు పొర మిగులుతుంది. ఆరిన తర్వాత 180 నంబరు కాగితంతో తేలికగా రుద్దితే చాలు. కుర్చీ మీద పాత ఎనామెల్ రంగు ఉంటే మాత్రం పొడిగా రుద్దకూడదు. ఇళ్ల రంగుల్లో విషపూరితమైన సీసం 90 పీపీఎం (పది లక్షల పాళ్లలో 90 పాళ్లు) దాటరాదన్న నిబంధన 2017 నవంబరులోనే అమల్లోకి వచ్చింది కాబట్టి, అంతకు ముందటి రంగులో సీసం ఉండే అవకాశం ఉంది. తడిపి రుద్దాలి, మాస్కు కట్టుకోవాలి, పిల్లలను దూరంగా ఉంచాలి.

కుంచె గీతలు పడుతున్నాయి, రంగు సాగడం లేదు

కుంచె రెండోసారి తిరిగి వచ్చేలోపే రంగు బిగుసుకుపోవడం వల్ల ఇలా అవుతుంది. ఎండ ఎక్కకముందే, నీడలో, ఫ్యాను ఆపి పని చేయాలి. కుంచెను నీటిలో తడిపి పిండి వాడాలి. చిన్న గిన్నెలోకి తీసుకున్న రంగులో కొద్దికొద్దిగా నీరు కలిపి, ఒక కాలో ఒక చెయ్యో పూర్తయ్యాకనే మరోదానికి వెళ్లాలి. వేసిన చోటికే మళ్లీ మళ్లీ కుంచె పోనివ్వకూడదు. ఇప్పటికే పడిన గీతలు 220 నంబరు కాగితంతో పోతాయి.

వెంట్రుక వంటి పగుళ్లు కూడా ఇదే వేడిలో మందపు పూత వేసినందువల్లనే వస్తాయి. రుద్ది, పలుచని పూతలు వేయాలి. అయితే పగులు కాలూ పట్టీ కలిసే అతుకు దగ్గరే ఉంటే తప్పు రంగుది కాదు, అతుకు కదులుతోంది. ముందు దాన్ని బంకతో బిగించాలి.

ఆషాఢ మాసపు గాలుల్లో ఆరుబయట వేస్తే దుమ్ము అంటుకోక తప్పదు. ఆ రోజుల్లో తలుపులు మూసిన గదే నయం.

ఇంట్లో కలిపిన రంగు గడ్డలు కడుతోంది

ఇంట్లో ఈ రంగు చేసుకోవడానికి గోడల ఎమల్షన్ రంగులో కలిపే ప్లాస్టర్ ఆఫ్ పారిస్ నీటిలో గట్టిపడే పదార్థం కనుక గడ్డ కట్టడం దాని స్వభావం. గట్టిపడినదాన్ని నీళ్లు పోసి బతికించలేం, పారేయాలి. దానికి బదులు సన్నటి సుద్ద పొడిని గుడ్డలో జల్లించి, ముందు నీటిలో కలిపి, మూడు పాళ్ల ఎమల్షన్‌కు ఒక పాలు చొప్పున చేర్చడం మేలు.

పైన వేసిన మైనం జిగటగా ఉంది

ఆరిన రంగుకు రక్షణగా పూసే మైనం ఎక్కువైంది, లేదా కుర్చీ ఎండలో ఉంది. టర్పెంటైన్ కొద్దిగా అద్దిన గుడ్డతో అదనపు మైనాన్ని తుడిచి, పొడి గుడ్డతో మెరిసేదాకా రుద్దాలి. రోజూ కూర్చునే కుర్చీకి, ముఖ్యంగా వరండాలో వేసే కుర్చీకి, నేనైతే మైనం బదులు మెరుపు లేని నీటి వార్నిష్‌నే సూచిస్తాను. మైనం మీద వార్నిష్ పట్టదు కాబట్టి, మార్చదలచినవారు ముందు మైనాన్ని టర్పెంటైన్‌తో పూర్తిగా తీసేయాలి. తుడిచిన గుడ్డలను ఉండ చుట్టి మూల పడేయక, పొయ్యికి దూరంగా ఆరుబయట పరిచి ఆరబెట్టాలి.