గతం మారుతుందా? పాత కాలిక్యులేటర్‌తో చేసి చూడండి

"మనం చూస్తే గతం మారిపోతుందట కదా నాన్నా?" అని మా చిన్నాడు అడిగాడు. కథల్లోనేరా అని చెబితే వినలేదు. సరే అని పాత కాలిక్యులేటర్ విప్పాం.

దాని తెర మీది పోలరాయిడ్ పొరను (ఒక్క దిశలో ఊగే కాంతినే పోనిచ్చే పొర) గోటితో మెల్లగా ఒలిచి మూడు ముక్కలు చేయండి. కరెంటు వైరులోంచి ఒక్క రాగి పోగు లాగి నిటారుగా బిగించండి. లేజర్ పాయింటర్ వెలుగు దానికి రెండు పక్కలా పడాలి. చీకటి గదిలో 3 మీటర్ల అవతల గోడ మీద దువ్వెన పళ్ళలా చారలొస్తాయి. లేజర్ కంట్లో మాత్రం పడనీయకండి.

పోగుకు ఎడమన ఒక ముక్క, కుడిన 90 డిగ్రీలు తిప్పిన ముక్క అంటించండి. అతుకు సరిగ్గా పోగు చాటునే ఉండాలి. నాకు నాలుగుసార్లు చెడింది. కుదిరితే పళ్ళు ఊడిపోయి ఒకటే వెలుగు మరక మిగులుతుంది. ఏ పక్కనుంచి వచ్చిందో కాంతికి గుర్తు పడిందన్నమాట. ఇక మూడో ముక్కను ఆ రెంటికీ మధ్యస్థంగా 45 డిగ్రీల వాలులో, పోగు దాటొచ్చిన వెలుగుకు అడ్డం పెట్టండి. గుర్తు చెరిగి చారలు తిరిగొస్తాయి!

ఆ ముక్క పెట్టాలా వద్దా అన్నది కాంతి పోగు దాటాక తేల్చుకుంటే? అప్పటికే జరిగిపోయింది మారినట్టేనా? 1978లో భౌతిక శాస్త్రవేత్త జాన్ వీలర్ లేవనెత్తిన చిక్కు ఇలాంటిదే. కథలన్నీ అక్కడే పుట్టాయి.

ఇప్పుడు మూడో ముక్కను 45 డిగ్రీలే, కానీ ఎదురు వైపుకు వాల్చండి. వెలుగున్న చోట చీకటి, చీకటున్న చోట వెలుగు. రెండు వాలుల్లో వచ్చిన చారలనూ కలిపితే మళ్ళీ అదే మరక. "అంటే ఏదీ మారలేదు, మనం ఏరుకున్నామంతేనా?" అన్నాడు చిన్నాడు. కాలిక్యులేటర్ మాత్రం పోయింది.