చిన్న సినిమాకు సింక్ సౌండ్ రికార్డిస్టు కావడం ఎలా?

తెలుగు సినిమాల్లో మాటలు ఎక్కువగా డబ్బింగ్ థియేటర్‌లోనే చెప్పిస్తారు. షూటింగ్‌లో తీసే పైలట్ ట్రాక్ అందుకు ఆధారం మాత్రమే. అయితే కొత్త నటులతో చిన్న సినిమా తీసేవాళ్లు కొందరు సింక్ సౌండ్ అడుగుతున్నారు, అంటే షూటింగ్‌లో రికార్డైన మాటలనే సినిమాలో వాడటం. ఏడుస్తూ చెప్పిన మాట రెండు నెలల తర్వాత మైకు ముందు అదే తడితో రాదు. ఆ మాటను అక్కడికక్కడే పట్టుకోవడమే ఈ పని.

మొదట సామాన్లు కొనకండి. హెడ్‌ఫోన్ పెట్టుకుని ఫోన్‌లో మీ ఇంటి గదులు రికార్డు చేసి వినండి. ఫ్యాన్, ట్యూబ్‌లైట్, పక్కింటి కుక్కర్ అన్నీ వినిపిస్తాయి. పుణెలోని ప్రభుత్వ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో సౌండ్ కోర్సు ఉంది. అంత దూరం వెళ్లలేకపోతే హైదరాబాద్ కృష్ణానగర్, యూసుఫ్‌గూడ చుట్టుపక్కల షార్ట్ ఫిల్మ్‌లు తీసే కుర్రాళ్ల దగ్గర బూమ్ (చివర మైకు ఉండే పొడవాటి కర్ర) పట్టుకోవడంతో మొదలుపెట్టండి. మైకు ఫ్రేమ్‌లోకి రాకూడదు, నోటికి దూరమూ కాకూడదు. డైలాగులు మీకూ నోటికి వచ్చి ఉంటేనే మైకు సరైన సమయానికి రెండో మనిషి వైపు తిరుగుతుంది.

తర్వాతది లొకేషన్ చూడటం. నా దృష్టిలో సగం పని ఇక్కడే అయిపోతుంది. కెమెరామన్ వెలుతురు చూస్తుంటే మీరు కళ్లు మూసుకుని నిలబడండి. షూటింగ్ ఏ గంటకో ఆ గంటకే వెళ్లండి. నేను ఒకసారి సాయంత్రం చూసొచ్చిన ఫ్లాట్‌లో పొద్దున షూటింగ్ పెట్టాం. ఏడింటికి సంపు మోటార్ మొదలైంది, వెనకే ఉల్లిగడ్డల ఆటో మైకు. మంచి సీన్ మొత్తం డబ్బింగ్‌కు పోయింది, ఆ బాధ ఇంకా ఉంది. అప్పటినుంచి ముందురోజే వాచ్‌మన్‌తో మాట్లాడతాను. "అన్నా, రేపు పొద్దుగాల మోటర్ జర ఆపుతవా?" అంటే, "ఆరింటికే నింపేస్త తియ్యి సార్" అంటాడు. ఫ్రిజ్ ఆపేటప్పుడు బండి తాళాలు అందులో పెట్టండి. వెళ్లేటప్పుడు తాళాల కోసం తెరుస్తారు, ఫ్రిజ్ మళ్లీ ఆన్ చేయడం గుర్తొస్తుంది. ఇల్లిచ్చినవాళ్ల పాలు విరగ్గొట్టకూడదు కదా.

రికార్డర్‌ను 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో పెట్టండి. రికార్డర్ మీటర్‌లో మామూలు మాట మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆడితే అరుపుకు చోటుంటుంది. బట్టలకు తగిలించే చిన్న లేపెల్ మైకు పెడితే కాటన్ చీర, పట్టుచీర తేడా తెలుస్తుంది, పట్టు గరగరమంటుంది. బట్టల గురించి కాస్ట్యూమ్ వాళ్లతో ముందే మాట్లాడండి.

డబ్బు, రోజుకెన్ని గంటలు, సామాన్ల అద్దె ఎవరిది అన్నది వాట్సాప్‌లోనైనా రాయించుకోండి. స్నేహితుల సినిమా అయినా సరే.

ప్యాకప్ చెప్పేలోపు అందరినీ కదలకుండా నిలబెట్టి 30 సెకన్ల రూమ్ టోన్, అంటే ఎవరూ మాట్లాడనప్పుడు ఆ చోట వినిపించే నిశ్శబ్దం, తీసుకోండి. మాటల మధ్య ఖాళీలను ఎడిటర్ దాంతోనే పూడుస్తాడు. అలసిన యూనిట్‌ను ఆపాలంటే మొహమాటంగా ఉంటుంది, అయినా అడగండి. ఆ రాత్రే ఫైళ్లు రెండు డ్రైవుల్లో కాపీ చేసి, ఏ టేక్‌లో ఏ శబ్దం పడిందో రాసిన కాగితంతో సహా ఎడిటర్‌కు ఇవ్వండి.