అరటాకులో మెక్సికో పంది మాంసం: నెల్లూరు వంటింట్లో కొచినీతా పిబిల్

పంది మాంసాన్ని పీచులు పీచులుగా విడిపోయేదాకా వండడానికి మెక్సికోలో రెండు పద్ధతులు బాగా పేరుపడ్డాయి. మిచోవకాన్ రాష్ట్రంలో పంది కొవ్వులోనే సన్నసెగ మీద మగ్గబెట్టే కార్నీతాస్ ఒకటి. యుకతాన్ ద్వీపకల్పంలో ఎర్రరంగునిచ్చే జాఫ్రా గింజల ముద్ద, పుల్ల నారింజ రసం పట్టించి, అరటాకులో చుట్టి వండే కొచినీతా పిబిల్ రెండోది. నెల్లూరు, ఒంగోలు వైపు ఇళ్లకు రెండోదే బాగా కుదురుతుంది. అరటాకు, నారింజ, ఎర్రగడ్డలు మనకు ఎటూ దొరికేవే. నిమ్మకాయలకైతే గూడూరు, పొదలకూరు మార్కెట్లు ఉండనే ఉన్నాయి. కొత్తగా తెప్పించుకోవాల్సింది జాఫ్రా గింజలొక్కటే.

ఈ వంట చెడేది ఎక్కువగా పొయ్యి దగ్గర కాదు. మాంసం కొట్టించేటప్పుడూ, మసాలా వేసేటప్పుడూ చెడుతుంది. అందుకే ఆ రెండింటి గురించి కాస్త ఎక్కువ చెప్తాం.

మాంసం కొట్టించడం

అడగాల్సింది ముందు జబ్బ. వెనక తొడలో కండ ఎక్కువ, కొవ్వు తక్కువ. ఎంత ఓపికగా వండినా పొడిపొడిగానే ఉంటుంది. జబ్బలో కండల మధ్య కొవ్వుతోపాటు తెల్లటి జిగురు పొరలు ఉంటాయి. వాటిలో ఉండేది కొల్లాజెన్. మాంసం లోపలి వేడి 70 డిగ్రీలు దాటాక అది మెల్లగా కరిగి జిలాటిన్ అవుతుంది. వేడి 93 డిగ్రీల దాకా వచ్చి అక్కడ కాసేపు నిలిస్తేనే పీచు పీచును వదిలేస్తుంది. చాలామంది తొందరపడేది మధ్యలోనే. 70, 75 డిగ్రీల దగ్గర ముక్క ఉడికినట్టే కనిపిస్తుంది, కొరికితే రబ్బరులా సాగుతుంది. ఎక్కువ ఉడికి గట్టిపడిందనుకుని దించేస్తారు. అది ఇంకా ఉడకాల్సిన ముక్క.

మన దగ్గర పంది మాంసం అమ్మేవాళ్లు అడక్కుండానే తోలు, ఎముకతో సహా కూర ముక్కలు కొట్టేస్తారు. కత్తి ఎత్తకముందే చెప్పాలి: "అన్నా, కూర ముక్కలొద్దు. జబ్బ ఎముక తీసేసి పెద్ద ముక్కలు చెయ్యి, ఒక్కోటి నూట యాభై గ్రాములుండాలి." అంటే ఐదారు సెంటీమీటర్ల ముక్కలన్నమాట. అంతకన్నా చిన్నవైతే పీచు పొడుగే ఉండదు, విడదీసేసరికి ఖీమా అవుతుంది. ఒకే పెద్ద గడ్డగా ఉంచితే ఉప్పూ పులుపూ లోపలికి దిగవు, ఉడకడానికీ చాలాసేపు పడుతుంది.

తోలు తీయించేయండి. ఎంత ఉడికినా అది పీచుగా విడదు, కాల్చిన వెంట్రుక వాసన కూడా మొత్తానికి పడుతుంది. కానీ తోలు కింది కొవ్వును మాత్రం అర అంగుళం మందాన ఉంచమనండి. ఫారంలో పెరిగిన తెల్ల సీమపందైతే ఇక్కడ చెప్పిన టైం సరిపోతుంది. నాటు పంది, అందులోనూ ముదురుదైతే ఇంకో ఇరవై నిమిషాలు కలపాలి. కండలో బియ్యపు గింజల్లాంటి తెల్లటి పొక్కులు కనిపిస్తే ఆ మాంసం కొనొద్దు. అవి బద్దెపురుగు పిల్లదశ తిత్తులు. ఊళ్లో తిరిగే పందుల కన్నా, షెడ్డులో పెంచిన పందుల మాంసం అమ్మే చోటే కొనడం మంచిది.

ఇంటికొచ్చాక కడిగి, చిల్లుల గిన్నెలో అరగంట వార్చి, బట్టతో తడి అద్దండి. నీళ్లు కారుతున్న ముక్కకు ముద్ద పట్టదు.

జాఫ్రా ముద్ద

ఎముక లేని కిలో మాంసానికి కొలతలివి. ఆరుగురికి సరిపోతుంది.

జాఫ్రా గింజలు: 2 టేబుల్ స్పూన్లు
తెల్లగడ్డ: 8 రెబ్బలు
మిరియాలు: 1 టీస్పూన్
జీలకర్ర: 1 టీస్పూన్
లవంగాలు: 4
దాల్చినచెక్క: అంగుళం ముక్క
ఒరెగానో: 2 టీస్పూన్లు
ఉప్పు: 14 గ్రాములు (మెత్తటి ఉప్పైతే సుమారు రెండున్నర టీస్పూన్లు)
పుల్ల నారింజ రసం: 150 మిల్లీలీటర్లు
పంది కొవ్వు లేదా నూనె: 2 టేబుల్ స్పూన్లు
అరటాకులు: పెద్దవి 2

కల్లుప్పు వాడితే స్పూనుతో కొలవొద్దు, తూకం వేయండి. గింజ సైజును బట్టి స్పూనుకు పట్టే ఉప్పు మారిపోతుంది.

జాఫ్రా గింజలు ఆన్‌లైన్‌లో అనాటో పేరుతో దొరుకుతాయి. బట్టలకు అద్దకం వేసే జాఫ్రా పొడి వంటకు పనికిరాదు, అందులో ఇంకేం కలిపారో తెలియదు. వంటకని అమ్మే గింజలే కొనండి. గింజ చాలా గట్టిది. ఎండుగా మిక్సీలో వేస్తే బ్లేడు అరుగుతుందే గానీ నలగదు. కప్పు నీళ్లలో పది నిమిషాలు సన్నసెగ మీద ఉడికించి, మూతపెట్టి రాత్రంతా వదిలేయండి. పొద్దున నీళ్లు వంచేసి, చిన్న జారులో నారింజ రసం కొద్దికొద్దిగా పోస్తూ మిగతా దినుసులన్నిటితో కలిపి రుబ్బాలి. వేళ్ల మధ్య రుద్దితే ఇసుకలా తగిలితే ఇంకా తిప్పండి. అప్పటికీ తగిలితే పల్చటి బట్టలో వేసి పిండండి. ఆ గరుకు పోకుండా వండితే చివరికి ప్రతి ముద్దలోనూ పంటికింద పడుతుంది.

జాఫ్రా రంగు నూనెలో కరిగే రకం. అందుకే ముద్దలో కొవ్వు కలుపుతాం. గట్టు మీదో, మిక్సీ మూతకో మరక పడితే ముందు నూనె రాసి తుడిచి, ఆ తర్వాత సబ్బు పెట్టండి. నీళ్లతో రుద్దితే ఇంకా పాకుతుంది.

పుల్ల నారింజ దొరికిన రోజుల్లో అదే వాడండి, యుకతాన్‌లో పోసేదీ ఆ జాతి రసమే. దొరక్కపోతే 100 మిల్లీలీటర్ల బత్తాయి రసం, 50 మిల్లీలీటర్ల నిమ్మరసం కలపండి. నారింజలో ఉండే చిరుచేదు కోసం నిమ్మతొక్క పైపొర ఓ చిటికెడు తురిమి వేస్తే చాలు. బత్తాయి రసం అప్పటికప్పుడు పిండాలి. పిండి పక్కన పెడితే గంటల్లో చేదెక్కుతుంది. గింజలు నలిగినా చేదే.

మెక్సికన్ ఒరెగానో మన దగ్గర దుర్లభం. పిజ్జా పొట్లాల ఒరెగానో ఫరవాలేదు. పెరట్లో వాము ఆకు ఉంటే రెండు ఆకులు వేయండి, మూడోది వేస్తే మిగతా రుచులన్నీ దాని కిందే పోతాయి. యుకతాన్ వాళ్లు ఆల్‌స్పైస్ అనే మిరియం లాంటి కాయ వేస్తారు. దాని బదులే మన లవంగం, దాల్చినచెక్క.

ఇక్కడే చెయ్యి కట్టేసుకోవాలి. అల్లం, గరం మసాలా, ధనియాల పొడి, కారం ఇవేవీ వద్దు. కారం లేకుండా మాంసమా అని నెల్లూరు నాలుకకు అనిపించడం సహజమే. ఈ వంటలో కారం పక్కన పెట్టే ఎర్రగడ్డల్లో ఉంటుంది. మాంసంలోనూ వేస్తే జాఫ్రా మట్టివాసన, నారింజ పులుపు రెండూ మునిగిపోయి, చేతికి మిగిలేది ఇంకో పంది వేపుడు. జాఫ్రా దొరక్కపోతే మాత్రం ఆరు బ్యాడిగి మిరపకాయలు గింజలు తీసి నానబెట్టి రుబ్బండి. రంగు వస్తుంది, ఘాటు పెద్దగా ఉండదు. రుచి వేరేలా ఉంటుంది, కానీ తినడానికి బాగానే ఉంటుంది.

ముద్దను ముక్కలకు బాగా పట్టించి, గాజు లేదా స్టీలు గిన్నెలో ఫ్రిజ్‌లో ఎనిమిది నుంచి పన్నెండు గంటలు ఉంచండి. అల్యూమినియం గిన్నె వద్దు, పులుపుకు లోహం రుచి దిగుతుంది. ఒక రోజు దాటితే ముక్క పైపొర పిండిలా మెత్తబడుతుంది.

అరటాకు, కుక్కర్

యుకతాన్‌లో నేలలో గొయ్యి తీసి, నిప్పుల మీద రాళ్లు కాల్చి, ఆకులో చుట్టిన మాంసాన్ని అందులో పెట్టి మట్టితో కప్పేస్తారు. ఆ గొయ్యిని మాయా భాషలో పిబ్ అంటారు. ఇంట్లో 5 లీటర్ల కుక్కర్ చాలు.

అరటాకు మధ్య ఈనె కోసేసి, ఆకును మంట మీద నెమ్మదిగా జరుపుతూ పోండి. వేడి తగిలిన చోటల్లా పాలిపోయిన పచ్చ కాస్తా ముదురై, మైనం కరిగి నిగనిగలాడుతుంది. ఆ మెరుపు ఆకు పొడవునా పాకాలి. మెరుపు రాని చోట మడిస్తే చిరుగుతుంది. కాచిన ఆకులు రెండు అడ్డంగా, నిలువుగా కుక్కర్‌లో పట్టే స్టీలు గిన్నెలో పరిచి, ముక్కలూ, మిగిలిన ముద్దా వేసి, కొవ్వు ముక్కలు పైకి వచ్చేలా సర్ది, ఆకు అంచులు మీదికి మడవండి. గిన్నెకు మూతపెట్టండి. నీళ్లు పోయొద్దు. మాంసం తనే గిన్నెలో సగం దాకా రసం వదులుతుంది.

కుక్కర్ అడుగున స్టాండు పెట్టి మూడు కప్పుల నీళ్లు పోసి గిన్నె దించండి. మొదటి విజిల్ దాకా పెద్ద మంట, ఆ తర్వాత చిన్న మంట మీద 70 నిమిషాలు. ఇక్కడ విజిల్స్ లెక్క పనికిరాదు, గడియారం చూడాలి. మంట ఎంత పెట్టామన్నదాన్ని బట్టి ఒకే గంటలో నాలుగు విజిల్స్ రావొచ్చు, పదిహేనూ రావొచ్చు. మాటిమాటికీ విజిల్ వస్తుంటే మంట ఎక్కువైనట్టు, నీళ్లు ఇంకిపోతాయి. స్టవ్ కట్టేశాక ప్రెషర్ దానంతటదే దిగాలి, ఇరవై ఇరవై ఐదు నిమిషాలు పడుతుంది. వెయిట్ లేపి ఆవిరి వదిలేస్తే ముక్కల్లోని తడి ఒక్కసారిగా మరిగి బయటికి పోతుంది, పీచు ఎండిపోతుంది.

ఓటీజీ (కరెంటు ఓవెన్) ఉన్నవాళ్లు అదే ఆకు పొట్లాన్ని లోతైన పాత్రలో పెట్టి, అరకప్పు నీళ్లు చల్లి, పైన ఫాయిల్ బిగించి 160 డిగ్రీల దగ్గర మూడున్నర గంటలు ఉంచొచ్చు. రుచిలో ఇదే ఒక మెట్టు పైన, ఆకు అంచులు మాడిన వాసన మాంసానికి పడుతుంది. కరెంటు కోతల రోజుల్లో మాత్రం పెట్టుకోకండి.

ఉడికిందో లేదో చూడ్డానికి ఫోర్క్ గుచ్చి తిప్పండి. బలం పెట్టకుండా తిరిగి, ముక్క రెండుగా విడిపోతే అయినట్టు. ఫోర్క్‌తోపాటు ముక్క కూడా తిరుగుతుంటే మళ్లీ ప్రెషర్ తెచ్చి ఇంకో పదిహేను నిమిషాలు పెట్టండి. తొందరకొద్దీ వంటసోడా వేయొద్దు, పీచు విడదు సరికదా గుజ్జవుతుంది.

విడదీయడం

ముక్కల్ని పళ్లెంలోకి తీసి పది నిమిషాలు ఆగి, చెయ్యి ఓర్చుకునే వేడిలోనే రెండు ఫోర్కులతో పీచు పోయే దారినే లాగండి. చల్లారితే కొవ్వు గడ్డకట్టి పీచులు అతుక్కుపోతాయి. మరీ సన్నగా చీల్చొద్దు, పెన్సిల్ మందాన అక్కడక్కడా ఉంటేనే తినేటప్పుడు మాంసం అని తెలుస్తుంది.

గిన్నెలోని రసం పారబోయొద్దు, రుచంతా అందులోనే ఉంది. పైకి తేలిన నూనెను గరిటెతో తీసి దాచుకోండి. అడుగు రసాన్ని బాండ్లీలో సగానికి మరిగించి, ఉప్పు అప్పుడు చూసుకుని, మాంసంలో కలపండి. మరగకముందే చూసి ఉప్పు కలిపితే చివరికి ఉప్పగా అవుతుంది. ఉప్పు ఎక్కువైందనిపిస్తే రసమంతా పోయకండి, సగం పోసి కాస్త నిమ్మరసం పిండండి.

పక్కన ఎర్రగడ్డలు

రెండు పెద్ద ఎర్రగడ్డలు సన్నగా నిలువుగా తరిగి, మరిగే నీళ్లు పోసి పదిహేను సెకన్లలో వార్చేయండి. పచ్చి ఘాటు పోయి కరకర మిగులుతుంది. అర టీస్పూన్ ఉప్పు, మూడు నిమ్మకాయల రసం, చిటికెడు ఒరెగానో, సన్నగా తరిగిన పచ్చిమిరపకాయలు కలిపి గంటసేపు ఉంచితే పులుపుకు గులాబీరంగు తిరుగుతాయి. యుకతాన్‌లో హబనేరో మిరప వేస్తారు, అది మన పచ్చిమిరప కన్నా చాలా ఘాటు. కాబట్టి మీ ఇంటి కారానికి తగ్గట్టు నాలుగో ఆరో వేసుకోండి, ఇక్కడ ఎవరూ వద్దనరు.

దేంతో తినాలి

మెక్సికోలో టోర్టియా అనే పల్చటి మొక్కజొన్న రొట్టెతో తింటారు. మన మొక్కజొన్న పిండితో అది రాదు, మడిస్తే విరిగిపోతుంది. వాళ్లు మొక్కజొన్న గింజల్ని సున్నపు నీళ్లలో ఉడికించి నానబెట్టి రుబ్బుతారు, ఆ సున్నం వల్లే పిండికి పట్టు వస్తుంది. చేయాలనుకుంటే అరకిలో ఎండు మొక్కజొన్నలకు లీటరున్నర నీళ్లు, 5 గ్రాముల తినే సున్నం చొప్పున స్టీలు గిన్నెలో 40 నిమిషాలు ఉడికించి, రాత్రంతా నానబెట్టి, పొట్టు పోయేలా బాగా కడిగి గ్రైండర్‌లో గట్టిగా రుబ్బండి. గోడలకు వేసే సున్నమూ, కోళ్ల దాణాకని అమ్మే మొక్కజొన్నలూ వద్దు.

అంత పని వద్దనుకుంటే పల్చటి జొన్నరొట్టె చక్కగా సరిపోతుంది. వేడి రొట్టె మధ్యలో రెండు స్పూన్ల మాంసం, పైన ఎర్రగడ్డలు, మడిచి తినడమే. చపాతీ అయితే మరీ మెత్తన, రసం తగలగానే నానిపోతుంది. అన్నంలోకైతే రసం కొంచెం ఎక్కువ ఉంచుకోండి.

మిగిలింది దాని రసంతోనే మూతగిన్నెలో ఫ్రిజ్‌లో మూడు రోజులు ఉంటుంది. రసం లేకుండా పెడితే మర్నాటికే ఎండిపోతుంది. మళ్లీ తినేముందు దాచిన నూనె ఒక స్పూను పెనం మీద వేసి, మాంసం పల్చగా పరిచి, కదపకుండా మూడు నిమిషాలు వదిలేయండి. అడుగు ఎర్రగా కరకరలాడాక ఒకేసారి తిరగేసి, పొగలు వచ్చేదాకా వేడిచేసి దించండి.