సీఎన్‌సీ బ్రేకౌట్ బోర్డు: మొరాయించే మోటార్, జరిగిపోయే కొలత

సీఎన్‌సీ అంటే కంప్యూటర్ నడిపే మెషీన్. కంప్యూటర్ పంపే సిగ్నళ్లను మోటార్ డ్రైవర్లకు (మోటార్‌కు కరెంటిచ్చి తిప్పే యూనిట్లకు) చేర్చేది బ్రేకౌట్ బోర్డు.

స్క్రీన్ మీద అంకెలు మారుతున్నాయి, మోటార్ కదలడం లేదు

ముందు మోటార్ షాఫ్ట్‌ను చేత్తో తిప్పి చూడండి. తేలిగ్గా తిరిగితే డ్రైవర్‌కు పవర్ అందడం లేదు, లేదా ఎనేబుల్ సిగ్నల్ (డ్రైవర్‌ను ఆన్, ఆఫ్ చేసేది) దాన్ని ఆపేస్తోంది. చాలా డ్రైవర్లు ఎనేబుల్ వైర్లు కలపకపోయినా పనిచేస్తాయి కాబట్టి, పవర్ ఆపి వాటిని తీసేసి చూడొచ్చు. మోటార్ వైర్లు మాత్రం పవర్ ఉండగా ఎప్పుడూ ఊడదీయకండి, డ్రైవర్ కాలిపోవచ్చు.

షాఫ్ట్ బిగుసుకుని ఉంటే మోటార్‌ను అడుగు అడుగుగా కదిపే స్టెప్ పల్సులు అందడం లేదన్నమాట. సెట్టింగులు మార్చే ముందు మల్టీమీటర్ తీయండి. బోర్డు మీద 5 వోల్టుల టెర్మినల్‌కు, గ్రౌండ్‌కు మధ్య కొలవండి. రీడింగ్ బాగా తక్కువుంటే యూఎస్‌బీ కేబుల్ మార్చండి. తర్వాత ఆ యాక్సిస్ (మోటార్ కదిపే దిశ) డైరెక్షన్ టెర్మినల్, అంటే ఎటు తిరగాలో చెప్పే టెర్మినల్ మీద ప్రోబ్ పెట్టి, అటూ ఇటూ జాగ్ చేయండి (కీలతో కదపండి). స్టెప్ పల్సులు మైక్రోసెకన్లలో వచ్చిపోతాయి, మీటర్‌కు సరిగ్గా అందవు. డైరెక్షన్ మాత్రం 0 నుంచి 5 వోల్టుల దగ్గరికి మారి అక్కడే నిలుస్తుంది. మారితే డ్రైవర్ వైపు వైరింగ్ చూడాలి. మారకపోతే మాక్3లో (మెషీన్‌ను నడిపే కంప్యూటర్ ప్రోగ్రాంలో) పిన్ నంబర్లను బోర్డు మాన్యువల్‌తో పోల్చండి. యూఎస్‌బీ నుంచి ప్యారలల్ పోర్టుకు మార్చే ప్రింటర్ కేబుల్ వాడుతుంటే ఇక వెతకక్కర్లేదు, మాక్3 దాంతో పనిచేయదు.

మోటార్ తిరుగుతోంది కానీ పని సాగేకొద్దీ కొలత ఒక పక్కకు జరుగుతోంది

అందరూ ముందు మోటార్ షాఫ్ట్‌ను మెషీన్ స్క్రూకు కలిపే కప్లింగులనే అనుమానిస్తారు. నేనూ రెండు రోజులు అవే విప్పి బిగించాను. కానీ తేడా ఎప్పుడూ ఒకే వైపు పెరుగుతుంటే స్టెప్ పొలారిటీ, అంటే పల్సు వోల్టేజీ పెరిగినప్పుడా తగ్గినప్పుడా లెక్కలోకి వస్తుందో చూడండి. డ్రైవర్ ప్లస్ టెర్మినళ్లను 5 వోల్టులకు కలిపితే, పిన్ వోల్టేజీ సున్నా దగ్గరికి దిగినప్పుడే డ్రైవర్‌లోకి కరెంటు వెళ్తుంది. అప్పుడు మాక్3లో స్టెప్‌కు 'లో యాక్టివ్' (Low Active) టిక్ పెట్టాలి. అది తప్పితే దిశ మారిన ప్రతిసారీ ఒక స్టెప్ తేడా రావచ్చు. ఒక్కసారి కంటికి కనపడదు. చిన్న కదలికను కూడా ముల్లుతో చూపే డయల్ గేజీని సున్నా దగ్గర పెట్టి, యాక్సిస్‌ను వందసార్లు ముందుకూ వెనక్కూ నడిపి చూడండి. ముల్లు సున్నాకు రాకపోతే టిక్ మార్చి మళ్లీ నడపండి.

స్పిండిల్ ఆన్ చేయగానే లిమిట్ ట్రిప్ అవుతోంది

స్పిండిల్ (కోత సాధనాన్ని తిప్పే మోటార్) కేబుల్ నుంచి వచ్చే విద్యుత్ నాయిస్ వల్ల సాధారణంగా ఇలా జరుగుతుంది, యాక్సిస్ చివరికి చేరిందని చెప్పే లిమిట్ స్విచ్ నొక్కినట్టు కనిపిస్తుంది. లిమిట్ వైర్లను దానికి దూరంగా తీసుకెళ్లండి. షీల్డు కేబుల్ వేసి, షీల్డును బోర్డు వైపు మాత్రమే గ్రౌండ్ చేయండి. స్విచ్‌ను నార్మల్లీ క్లోజ్డ్‌గా (నొక్కనప్పుడు కరెంటు పారేలా) కలిపితే వైరు తెగినా మెషీన్ ఆగుతుంది. ఇంకా ట్రిప్ అవుతుంటే అప్పుడు మాక్3లో డిబౌన్స్ విలువ (చాలా తక్కువసేపు వచ్చే సిగ్నళ్లను పట్టించుకోకుండా చేసే సెట్టింగ్) కొద్దికొద్దిగా పెంచండి.