ఒక వేమన పద్యం, నాలుగు ప్రతులు: ఇటలీ మానవవాదుల పద్ధతిలో పాఠాలు పోల్చడం

గుంటూరు, తెనాలి వైపు మానవవాదం అనగానే ఎం.ఎన్. రాయ్, రాడికల్ హ్యూమనిస్టులు గుర్తుకొస్తారు. ఇక్కడ చెప్పేది ఆ మానవవాదం కాదు. పదిహేనో శతాబ్దం చివరి ఇటలీలో ‘ఉమనిస్తా’ అంటే వ్యాకరణం, అలంకారశాస్త్రం, చరిత్ర, కవిత్వం, నీతిశాస్త్రం చెప్పే గురువు. ఆ విద్యకంతా పునాది ఒక చేతిపని: పాత గ్రంథం ప్రతులు ముందేసుకుని, ఏ మాట రచయితది, ఏది రాతగాడిది అని తేల్చడం. ఒక ప్రతిలో ఉన్న మాటల రూపాన్నే ఇక్కడ ‘పాఠం’ అంటున్నాను. ఇటలీ కవి పెట్రార్క్‌కు 1345లో వెరోనాలో ప్రాచీన రోమన్ వక్త సిసెరో లేఖలు దొరికినా, ఇటలీ పండితుడు పోజ్జో 1417లో రోమన్ కవి లుక్రీషియస్ కావ్యాన్ని వెలికితీసినా, దొరికిన తరవాత మిగిలేది ఈ పనే. దీన్ని మన పద్యం మీద చేసి చూస్తేనే వాళ్ల ఆలోచన ఒంటబడుతుంది. సి.పి. బ్రౌన్ 1829లో అచ్చు వేయించిన వేమన పద్యాల వెనకా ఇలా ప్రతులు పోల్చిన శ్రమే ఉంది.

కనీసం నాలుగు ప్రతులు కావాలి. విజయవాడ లెనిన్ సెంటర్ పాత పుస్తకాల కొట్లలో చిన్న శతకాల పుస్తకాలు వెతకండి. పాత ముద్రణల కోసం గుంటూరు బృందావన్ గార్డెన్స్‌లోని అన్నమయ్య గ్రంథాలయంలో అడగండి. ప్రతి పుస్తకానికీ ముఖపత్రం, దాని వెనక పేజీ, పీఠిక ఫోటో తీసుకోండి. ముద్రణ సంవత్సరం లేకపోతే ‘సంవత్సరం లేదు’ అనే రాయాలి, ఊహించి వేయకూడదు. ఇంటర్నెట్‌లో టైపు చేసి పెట్టిన పాఠం ఏ పుస్తకం నుంచి వచ్చిందో తెలియకపోతే దాన్ని ప్రతిగా లెక్కపెట్టకండి.

ప్రతులకు క, చ, ట, త అని గుర్తులివ్వండి. పీఠిక ఉన్నవాటిలో పాతదాన్ని మూలప్రతిగా పెట్టుకోండి. అది ఒప్పని కాదు, మిగతావాటిని దేనితోనో ఒకదానితో పోల్చాలి గనక. పొడుగు నోటుబుక్కును అడ్డంగా తిప్పి, పాదానికి ఒక పేజీ, ప్రతికి ఒక గడి గీయండి.

ఎక్కువమంది పొరబడేది ఇక్కడే. ‘ఉప్పు కప్పురంబు’ పద్యం అందరికీ నోటికొచ్చు. అందుకే కన్ను పేజీలో లేని అక్షరాన్ని కూడా చదివేస్తుంది. మిగతా పాదాలు కాగితంతో మూసి, పాదాన్ని చివరి మాట నుంచి వెనక్కి చదువుతూ రాసుకోండి. ఒకరు చదువుతుంటే ఇంకొకరు రాసే పద్ధతి ఈ పనికి పనికిరాదు. ‘వినుర’, ‘వినర’ చెవికి దాదాపు ఒకటే. అచ్చుతప్పని తెలిసిపోతున్నా ఉన్నదున్నట్టే రాయండి. తప్పుడు పాఠాన్ని కూడా నమోదు చేయడం ఫ్లోరెన్సు పండితుడు పోలిజియానో అలవాటు. ఎందుకంటే ఒప్పు ఎవరైనా రాయగలరు, విచిత్రమైన తప్పు మాత్రం చూసి రాస్తేనే వస్తుంది.

సిసెరో లేఖల విషయంలో ఆయన 1489లో చూపించింది ఇదే. ఒక ప్రతిలో బైండరు కొన్ని పేజీల కట్టను తప్పు చోట కుట్టాడు. అదే తారుమారు ఉన్న ప్రతులన్నీ దాని సంతానమే, కాబట్టి వాటికి విడిగా సాక్ష్యం చెప్పే హక్కు లేదన్నాడు. మనకూ ఈ పరీక్ష చక్కగా కుదురుతుంది. వేమన పద్యాలు దేనికది విడి పద్యం. రెండు పుస్తకాల్లో వరసగా ఇరవై పద్యాలు ఒకే క్రమంలో ఉంటే వాటికి చుట్టరికం ఉన్నట్టే. అకారాది క్రమంలో వేసిన పుస్తకాలైతే మాత్రం ఈ వాదం చెల్లదు. అలాగే ‘కప్పురంబు నొక్క’ను ‘కప్పురంబు ఒక్క’ అని విడగొట్టడం ఏ ముద్రాపకుడైనా సొంతంగా చేయగలిగిందే, దాన్ని బట్టి బంధుత్వం కట్టకండి. చుట్టరికం తేలిన మూడు ప్రతులూ కలిసి ఒక్క సాక్షి. ‘మూడింట ఇలా ఉంది కదా’ అని ఓట్లు లెక్కపెడితే పనంతా వృథా.

తరవాత ఛందస్సు. ఆటవెలదిలో బేసి పాదాలకు మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు. సరి పాదాలకు ఐదూ సూర్యగణాలే. యతి, అంటే పాదం మొదటి అక్షరంతో మైత్రి కుదిరే అక్షరం, నాలుగో గణం మొదట. ‘చూడచూడ రుచుల జాడ వేరు’లో చూ, జాలకు అచ్చుల మైత్రి లేదు; చూడ, జాడ అనే ప్రాసయతి (రెండో అక్షరాలు కలవడం) పాదాన్ని నిలబెట్టింది. ‘జాడ’ చోట ఎవరైనా ‘తీరు’ వేస్తే గణం చెడదు, యతి పోతుంది. ఆ పాఠాన్ని అనుమానించాలి. కానీ వినుర, వినర రెండూ నగణమే, రెంటికీ యతి కుదురుతుంది. అక్కడ ఛందస్సు తీర్పు చెప్పదు. మూలప్రతిలో ఉన్నది పైన ఉంచి, రెండోది పేజీ అడుగున వేయండి. ఛందస్సు సరిపోయినంత మాత్రాన పాఠం పాతదనీ కాదు: పద్యం తెలిసిన సంపాదకుడు గణాలు సరిదిద్ది ఉండొచ్చు.

మాట వయసు చూడటం ఇటలీ మానవవాది లొరెంజో వల్లా దారి. రోమన్ చక్రవర్తి కాన్‌స్టాంటైన్ పోపుకు రాసిచ్చాడన్న దానపత్రం నకిలీదని ఆయన 1440లో వాదించాడు. అందులో రోమన్ అధికారుల నడుమ ‘సత్రపులు’ (పారశీక సామ్రాజ్యపు ప్రాంతీయ పాలకులు) కనిపించడం ఆయన పట్టుకున్న ఆధారాల్లో ఒకటి. అయితే వేమన పద్యంలో పారసీ మాట కనిపించగానే ప్రక్షిప్తం (తరవాత ఎవరో చేర్చింది) అనేయకండి. ఆ మాట తెలుగులో ఎప్పటి నుంచి వాడుకలో ఉందో చూపించగలిగితేనే అది ఆధారం.

ఏ ప్రతిలోనూ లేని మాటను మీరే ఊహిస్తే దానికి చుక్క గుర్తు పెట్టి అడుగునే రాయండి, పాఠంలోకి ఎక్కించకండి. పుస్తకం మీద దిద్దవద్దు. చివరి పేజీలో పోల్చిన ప్రతుల గుర్తులు, ఊరు, తేదీ వేయండి. పోలిజియానో కూడా తాను పోల్చిన పుస్తకాల చివర అలాగే రాసుకునేవాడు.